24 ఏళ్ల సర్వీసుతో వీఆర్ (స్వచ్ఛంద పదవీ విరమణ) నోటీసు ఇస్తే ఆఫీసు ఆపగలదా? (కేంద్ర ప్రభుత్వ ఉద్యోగి, పాత పెన్షన్)

పోస్టల్_2002:

నమస్కారం. పోస్టల్ అసిస్టెంట్‌ని, గ్రూప్ సి, పాత పెన్షన్. చేరింది 12-2-2002. వయసు 49. వచ్చే జూలైలో, అంటే 2026 జూలైలో వీఆర్ తీసుకోవాలని ఉంది. నోటి మాటగా అడిగితే "స్టాఫ్ లేరు, ఒప్పుకోం" అన్నారు. కాగితం మీద ఇంకా ఏమీ ఇవ్వలేదు.

వివరాలు ఇవీ: 2009లో సొంత పని మీద 4 నెలలు ఈఓఎల్ (జీతం లేని అసాధారణ సెలవు) పెట్టాను, మెడికల్ సర్టిఫికెట్ లేదు. సమ్మె రోజులు 9 డైస్‌నాన్ (సర్వీసు లెక్కలోకి రాని రోజులు) అయ్యాయి. డిపార్ట్‌మెంటులో రెగ్యులర్ కాకముందు ఆరేళ్లు జీడీఎస్‌గా (గ్రామీణ డాక్ సేవక్‌గా) చేశాను. ఈ మధ్య కౌంటర్ మీద వచ్చిన ఒక ఫిర్యాదుకు వివరణ అడిగారు, ఇచ్చాను. ఛార్జిషీటు ఏమీ లేదు.

ఇరవై ఏళ్లు దాటాక వెళ్లిపోవడం నా హక్కు కాదా? నోటీసు ఎవరికివ్వాలి, ఏ తేదీ పెట్టాలి? పెన్షన్ తగ్గుతుందా?

హక్కు_మనదే:

సార్, ఆపలేరు. 1977లోనే సుప్రీంకోర్టు దినేశ్ చంద్ర సంగ్మా వర్సెస్ స్టేట్ ఆఫ్ అస్సాం కేసులో తేల్చేసింది. మూడు నెలల నోటీసు ఇస్తే చాలు, ఎవరి అంగీకారమూ అక్కర్లేదు. ధైర్యంగా ఇచ్చేయండి.

ఎస్టాబ్లిష్‌మెంట్_సీటు:

పై జవాబు సగమే నిజం. మిగతా సగం తెలియక నోటీసు రాసి చిక్కుల్లో పడేవాళ్లు చాలామంది, అందుకే వివరంగా రాస్తున్నాను.

సంగ్మా కేసు ఎఫ్ఆర్ (ఫండమెంటల్ రూల్స్) 56 కింద వచ్చింది. ఆ రూల్ మాటల్లోనే "నోటీసు ఇచ్చి రిటైర్ కావచ్చు" అని ఉంటుంది, అంగీకారం అన్న మాట ఉండదు. కేంద్ర ఉద్యోగికి ఇప్పుడు మూడు దారులున్నాయి. మీ హక్కు ఎంత గట్టిది అన్నది మీరు ఏ దారిలో వెళుతున్నారన్న దాన్ని బట్టి ఉంటుంది.

ఎఫ్ఆర్ 56(కె): గ్రూప్ ఎ, బి వాళ్లలో 35 ఏళ్లలోపు సర్వీసులో చేరినవాళ్లకు 50 ఏళ్లు నిండాక, మిగతా అందరికీ 55 నిండాక. మీకు 49, పైగా గ్రూప్ సి. ఇది మీకు వర్తించదు.

ముప్ఫై ఏళ్ల అర్హత సర్వీసు (పెన్షన్‌కు లెక్కలోకి వచ్చే సర్వీసు): 1972 పెన్షన్ రూల్స్‌లో 48, 2021 రూల్స్‌లో 42. ఇదీ మీకు రాదు. ఈ రెండింటిలోనూ సస్పెన్షన్‌లో ఉన్నవాళ్లకు మాత్రమే అనుమతి ఆపే వీలుంది. మిగతావాళ్లు నోటీసు ఇచ్చి గడువు ముగిస్తే చాలు. సంగ్మా తీర్పు అక్కడ అక్షరాలా పనిచేస్తుంది.

మీది మూడోది, ఇరవై ఏళ్ల దారి. పాత రూల్స్‌లో 48-ఎ, 2021 రూల్స్‌లో 43. ఇందులో "నోటీసుకు నియామకాధికారి అంగీకారం కావాలి" అని స్పష్టంగా ఉంది. వెంటనే ఒక మినహాయింపు కూడా ఉంది: నోటీసు గడువు ముగిసేలోగా తిరస్కరిస్తున్నట్టు చెప్పకపోతే, గడువు ముగిసిన తేదీ నుంచి విరమణ దానంతట అదే అమల్లోకి వస్తుంది. స్టేట్ ఆఫ్ హర్యానా వర్సెస్ ఎస్.కె. సింఘాల్ తీర్పు (1999) ఈ రెండు రకాల రూల్స్‌నీ పక్కపక్కన పెట్టి తేడా చెప్పింది. వీఆర్ గురించి ఒక్క తీర్పే చదవదలిస్తే అది చదవండి.

కాబట్టి మీ విషయంలో ఆఫీసు "కాదు" అనగలదు. కాకపోతే గడువులోగా, రాతపూర్వకంగా చెప్పాలి. కారణం ఏదైనా చెల్లుతుందా అంటే చెల్లదు. 26-8-1977 నాటి ఉత్తర్వులో రెండు సందర్భాలు తప్ప మిగతా అన్నింట్లో సాధారణంగా అంగీకరించాలని ఉంది. ఒకటి, పెద్ద శిక్షకు సంబంధించిన క్రమశిక్షణ చర్య నడుస్తూనో తలపెట్టో ఉండి, కేసు తొలగింపు లేదా డిస్మిసల్ దాకా వెళ్తుందని క్రమశిక్షణాధికారి భావించినప్పుడు. రెండు, కోర్టులో ప్రాసిక్యూషన్ వేసినప్పుడో, వేయాలని తలపెట్టినప్పుడో. స్టాఫ్ కొరత ఆ రెండింట్లో లేదు. 2018లో అచల్ సింగ్ కేసులో ఉత్తరప్రదేశ్ ప్రభుత్వ డాక్టర్లకు వీఆర్ నిరాకరించడాన్ని సుప్రీంకోర్టు సమర్థించింది. అది ఆ రాష్ట్రపు రూల్ భాష మీద, డాక్టర్ల కొరత వల్ల ప్రజలకు జరిగే నష్టం మీద నిలబడిన తీర్పు. దాన్ని తెచ్చి పోస్టాఫీసు కౌంటర్‌కు అతికిస్తే వాదించడానికి మీకు చోటు బాగానే ఉంది.

మీ ఫిర్యాదు సంగతి. వివరణ అడిగినంత మాత్రాన ప్రొసీడింగ్స్ మొదలైనట్టు కాదు, ఛార్జిషీటు ఇస్తేనే. కానీ ఉత్తర్వులో "తలపెట్టిన" అన్న మాట ఉందని గుర్తుంచుకోండి. ఫిర్యాదు డబ్బుకు సంబంధించినదైతే (సేవింగ్స్ బ్యాంకు డిపాజిట్, గ్రామీణ తపాలా జీవిత బీమా ప్రీమియం లాంటివి) నోటీసు చూడగానే ఆ ఫైలు కదులుతుంది. ముందుగా ఆ కాగితాన్ని క్లోజ్ చేయించుకుని తర్వాత నోటీసు ఇవ్వడం మంచిది.

లెక్కల_డెస్క్:

హక్కు సంగతి పైన బాగా చెప్పారు. సర్వీసు లెక్క, డబ్బు లెక్క నేను రాస్తాను.

జీడీఎస్ ఆరేళ్లు మర్చిపోండి. పెన్షన్‌కు కలవదు. యూనియన్ ఆఫ్ ఇండియా వర్సెస్ గండిబా బెహెరా కేసులో 2019 నవంబరులో సుప్రీంకోర్టు ఈ విషయం తేల్చింది.

డైస్‌నాన్ 9 రోజులు సర్వీసులోంచి పోతాయి. అయితే ఎఫ్ఆర్ 17-ఎ కింద "బ్రేక్ ఇన్ సర్వీస్" అని ఏదైనా ఆర్డరు మీ సర్వీసు బుక్‌లో ఉందేమో తప్పకుండా చూడండి. ఆ మాట ఉంటే పోయేది తొమ్మిది రోజులు కాదు, అంతకు ముందున్న సర్వీసంతా ప్రశ్నలో పడుతుంది. ముందు దాన్ని మాఫీ చేయించుకోవాలి.

మెడికల్ సర్టిఫికెట్ లేని ఈఓఎల్ అర్హత సర్వీసు కాదు. ఇక్కడ ఒక కీలకం ఉంది: ఆ కాలం పెన్షన్‌కు లెక్కలోకి రాదని సర్వీసు బుక్‌లో ఎంట్రీ వేసి ఉండాలి. అప్పట్లో ఎంట్రీ వేయకపోతే ఆ కాలాన్ని అర్హత సర్వీసుగానే తీసుకోవాలని సూచనలున్నాయి. 2009 పేజీ ఫోటోకాపీ తీసుకుని ఎరుపు సిరాతో ఏం రాశారో చూడండి.

ఎంట్రీ ఉందనే అనుకుందాం. 12-2-2002 నుంచి 1-7-2026 వరకు 24 సంవత్సరాల 4 నెలల 20 రోజులు. 4 నెలల ఈఓఎల్, 9 రోజుల డైస్‌నాన్ తీసేస్తే 24 సంవత్సరాల 11 రోజులు. ఇరవై ఏళ్ల గీత చాలా ముందే దాటారు, ఆ భయం అక్కర్లేదు.

పెన్షన్: 2006 తర్వాత కేంద్రంలో పూర్తి పెన్షన్‌కు 33 ఏళ్ల సర్వీసు ఉండాలన్న లింకు పోయింది. ఆఖరి బేసిక్ లేదా ఆఖరి పది నెలల సగటు, ఏది ఎక్కువైతే దానిలో 50 శాతం. ఇరవై ఏళ్లకు వెళ్లినా సగమే, ముప్పై ఐదేళ్లకు వెళ్లినా సగమే. అందుకే వీఆర్ తీసుకునేవాళ్లకు ఒకప్పుడు కలిపే ఐదేళ్ల వెయిటేజీని 2008లో ఎత్తేశారు. దాని గురించి ఇంకా ఎవరైనా చెబితే పాత పుస్తకం చూస్తున్నారన్నమాట.

మీ బేసిక్ ఎంతో రాయలేదు. పే లెవెల్ 6లో జూలై ఇంక్రిమెంటుతో 50,500 అవుతుందనుకుంటాను. పెన్షన్ 25,250, దాని మీద డీఆర్ (పెన్షనర్లకిచ్చే కరువు భత్యం). గ్రాట్యుటీ ఆరు నెలలకొక యూనిట్, మిగిలినది మూడు నెలలో అంతకంటే ఎక్కువో అయితే ఒక యూనిట్ కింద లెక్క. మీకు 48 యూనిట్లు. డీఏ 58 శాతం వేసి చూస్తే బేసిక్ ప్లస్ డీఏ 79,790. అందులో నాలుగో వంతు 19,947.50, దాన్ని 48తో గుణిస్తే 9,57,480 రూపాయలు. ఆ 2009 ఈఓఎల్ లేకపోతే 49 యూనిట్లు వచ్చేవి. అంటే సర్వీసు బుక్‌లోని ఆ ఒక్క ఎంట్రీ ఖరీదు దాదాపు ఇరవై వేలు.

లీవ్ ఎన్‌క్యాష్‌మెంట్ (మిగిలిన సెలవులకు డబ్బు) వీఆర్‌కూ ఉంది. ఈఎల్ (ఎర్న్‌డ్ లీవ్), హాఫ్ పే లీవ్ (హెచ్‌పీఎల్) కలిపి 300 రోజుల వరకు. ఈఎల్ 212 ఉంటే 5,63,849 వస్తుంది. మిగిలిన 88 రోజులకు హెచ్‌పీఎల్ ఉంటే సగం జీతం లెక్కన మరో 1,17,025. నోటీసు కాలంలో ఈఎల్ వాడుకోవచ్చు, కానీ వాడిన ప్రతి రోజూ ఈ మొత్తంలోంచి పోతుంది.

కమ్యుటేషన్ (పెన్షన్‌లో కొంత భాగాన్ని ముందే ఒకేసారి తీసుకోవడం) 40 శాతం వరకు. రిటైరైన ఏడాదిలోపు అడిగితే మెడికల్ పరీక్ష అక్కర్లేదు. పదిహేనేళ్ల తర్వాత కోసిన భాగం తిరిగి కలుస్తుంది.

పోస్టల్_2002:

ఇద్దరికీ కృతజ్ఞతలు. సర్వీసు బుక్ రేపే అడుగుతాను. బేసిక్ మీరు అనుకున్నదే. ఒక సందేహం. జూలై 1 తేదీ పెట్టుకుంటే ఇంక్రిమెంటు వస్తుందిగా? ఇంకోటి, నోటీసు ఇచ్చాక వాళ్లు ఏమీ చెప్పకుండా ఊరుకుంటే నేను ఆఫీసుకు వెళ్లాలా, మానాలా?

ఎస్టాబ్లిష్‌మెంట్_సీటు:

జూలై 1 పెట్టకండి. మామూలు రిటైర్మెంటులో ఆఖరి రోజు పనిదినం. వీఆర్‌లో అలా కాదు, విరమణ తేదీ పనిదినం కానే కాదు. జూలై 1 అని రాస్తే మీ ఆఖరి పనిదినం జూన్ 30 అవుతుంది, ఇంక్రిమెంటు గొడవలో పడుతుంది. జూలై 2 అని రాయండి. జూలై 1న డ్యూటీలో ఉంటారు, ఇంక్రిమెంటు డ్రా చేస్తారు, ఆఖరి బేసిక్ అదే అవుతుంది, పెన్షన్ జూలై 2 నుంచి మొదలవుతుంది.

ఇప్పుడు వెనక్కి లెక్క వేయండి. మూడు నెలలంటే నోటీసు అందిన రోజును వదిలేసి నిండా మూడు నెలలు. జూలై 2కు వెళ్లాలంటే నోటీసు ఏప్రిల్ 1కల్లా నియామకాధికారి చేతిలో ఉండాలి. మీరు పోస్టు చేసిన తేదీ కాదు, అక్కడ అందిన తేదీ. మార్చి మూడో వారంలోనే ఇవ్వండి. ఒక్కరోజు తగ్గినా "నోటీసు చెల్లదు" అని తిప్పి పంపడానికి వాళ్లకు కారణం దొరుకుతుంది. మూడు నెలల కంటే తక్కువ నోటీసును కారణాలు రాసి అడగవచ్చు, పరిపాలనకు ఇబ్బంది లేదనుకుంటే ఒప్పుకుంటారు. అది వాళ్ల ఇష్టం, మీ హక్కు కాదు. పైగా ఆ మూడు నెలలు గడిచేదాకా కమ్యుటేషన్ అడగకూడదన్న షరతు ఉంది.

నోటీసు మీ డివిజన్ సూపరింటెండెంట్ పేరున ఉండాలి, పోస్టల్ అసిస్టెంట్‌కు నియామకాధికారి ఆయనే. పోస్టుమాస్టరు ద్వారా ఒక ప్రతి, అడ్వాన్స్ కాపీ స్పీడ్ పోస్టులో నేరుగా డివిజన్ ఆఫీసుకు. డెలివరీ రుజువు తీసి దాచుకోండి, రేపు "ఎప్పుడు అందింది" అన్న వాదన వస్తే మీ దగ్గరున్న సాక్ష్యం అదొక్కటే.

అందులో నాలుగైదు వాక్యాలు చాలు. 2021 పెన్షన్ రూల్స్‌లో 43 కింద ఇస్తున్న నోటీసు అని, ఇరవై ఏళ్ల అర్హత సర్వీసు పూర్తయిందని, 2-7-2026 పూర్వాహ్నం నుంచి స్వచ్ఛందంగా పదవీ విరమణ చేస్తున్నానని. "దయచేసి అనుమతించగలరు" అని విజ్ఞప్తిలా సాగదీయకండి, "వీలైతే" అన్న మాట అసలు రాకూడదు. కారణం చెప్పక్కర్లేదు. ఆరోగ్యం బాగోలేదని రాస్తే ఇన్‌వాలిడ్ పెన్షనా (అనారోగ్యంతో పనిచేయలేనివాళ్లకిచ్చేది), వీఆరా అని అనవసరపు క్వెరీ వస్తుంది. "వీఆర్ఎస్" అని కూడా రాయకండి. అది 2019లో బీఎస్ఎన్ఎల్‌లో తెచ్చినట్టు ఎక్స్‌గ్రేషియా ఇచ్చే పథకం, మీది రూల్ కింద విరమణ.

అన్నిటికంటే ముఖ్యం: "రాజీనామా" అన్న పదం ఎక్కడా రాకూడదు. రాజీనామా చేస్తే గత సర్వీసంతా పోతుంది, పెన్షన్ ఉండదు. ఇరవై ఏళ్లు నిండాయి కాబట్టి నా రాజీనామాను వీఆర్‌గా మార్చండి అని అడిగిన బీఎస్ఈఎస్ యమునా పవర్ కేసులో 2019 డిసెంబరులో సుప్రీంకోర్టు కుదరదంది. ఇంటికి పోదామన్న తొందరలో ఒక్క పదం తప్పు రాసి కుటుంబ పెన్షన్‌తో సహా పోగొట్టుకోవడం కంటే బాధాకరమైంది ఇంకోటి లేదు.

వాళ్లు మౌనంగా ఉంటే: జూన్ మధ్యలో ఒక రిమైండర్ ఇవ్వండి. "ఇంతవరకు తిరస్కరణ అందలేదు, 2-7-2026 నుంచి రూల్ ప్రకారం విరమణ అమల్లోకి వస్తుంది, ఛార్జి ఎవరికి అప్పగించాలో తెలపండి" అని. జూలై 1 సాయంత్రం స్టాంపులు, నగదు, తాళాలు, యూజర్ ఐడీ అన్నీ లిస్టు రాసి అప్పగించి, తీసుకున్నవాళ్ల సంతకంతో ఛార్జి రిపోర్టు తీసుకోండి. మర్నాడు వెళ్లి హాజరు పట్టీలో సంతకం పెట్టారంటే, ఆ నెల జీతం తీసుకున్నారంటే, నోటీసును మీరే వదులుకున్నారని అనడానికి దారి ఇచ్చినట్టే. వాళ్లు గడువులోగా తిరస్కరణ ఇస్తే మాత్రం డ్యూటీకి వెళ్లండి. వెళ్తూనే ఆ తిరస్కరణను క్యాట్ (కేంద్ర పరిపాలనా ట్రిబ్యునల్) హైదరాబాద్ బెంచ్‌లో సవాలు చేయండి. తిరస్కరణ చేతిలో ఉండగా మానేస్తే అది అనధికార గైర్హాజరు, దాని మీద ఛార్జిషీటు వస్తుంది.

మనసు మారితే? విరమణ తేదీకి ముందే ఉపసంహరణ అడగాలి, దానికి నియామకాధికారి ప్రత్యేక ఆమోదం కావాలి. బలరాం గుప్తా కేసులో (1987) సరైన కారణం లేకుండా ఆ ఆమోదం నిరాకరించడం తప్పని సుప్రీంకోర్టు చెప్పింది. తేదీ దాటాక ఏ దారీ లేదు.

కౌంటర్_సీటు:

ఫిర్యాదు గురించి ఒక మాట కలుపుతాను. వీఆర్ అయ్యేనాటికి పెద్ద ఛార్జిషీటు నడుస్తూ ఉంటే ప్రొవిజనల్ (తాత్కాలిక) పెన్షన్ ఇస్తారు, గ్రాట్యుటీ మాత్రం కేసు ముగిసేదాకా ఆపుతారు. మైనర్ పెనాల్టీ కేసైతే గ్రాట్యుటీ ఆపనక్కర్లేదు. పైన చెప్పిన తొమ్మిదిన్నర లక్షలు ఎప్పుడు చేతికొస్తాయో ఆ కాగితమే నిర్ణయిస్తుంది.

2005_బ్యాచ్:

మాది ఎన్‌పీఎస్ (జాతీయ పెన్షన్ వ్యవస్థ). 2005లో చేరాం. ఇదే రూల్ మాకూ ఉందా?

లెక్కల_డెస్క్:

ఉంది, కానీ వేరే పుస్తకంలో. సీసీఎస్ ఎన్‌పీఎస్ అమలు రూల్స్ 2021లో 12వ రూల్. ఇరవై ఏళ్ల రెగ్యులర్ సర్వీసు, మూడు నెలల నోటీసు, అంగీకారం, గడువులోగా తిరస్కరించకపోతే దానంతట అదే అమలు, ఇవన్నీ ఒకటే. తేడా డబ్బులో. 12వ రూల్ కింద వెళ్తే వయసు నిండి రిటైరైనవాళ్లకు ఉన్న ప్రయోజనాలే మీకూ వస్తాయి: నిధిలో 60 శాతం దాకా చేతికి, కనీసం 40 శాతం యాన్యుటీకి (నెలనెలా పెన్షన్ ఇచ్చే బీమా పథకానికి). రాజీనామా చేసి బయటికొస్తే యాన్యుటీకి 80 శాతం పోతుంది. గ్రాట్యుటీ, లీవ్ ఎన్‌క్యాష్‌మెంట్ మీకూ ఉన్నాయి.

యూపీఎస్‌కు (ఏకీకృత పెన్షన్ పథకానికి) మారి ఉంటే జాగ్రత్త. అందులో పూర్తి హామీ మొత్తానికి 25 ఏళ్లు కావాలి. ఇరవై దాటి అంతకంటే ముందే వీఆర్ తీసుకుంటే 25లో మీ సర్వీసు ఎంతో ఆ నిష్పత్తిలో ఇస్తారు. ఆ నెలవారీ మొత్తం కూడా మీరు మామూలుగా రిటైరవ్వాల్సిన తేదీ నుంచి మొదలవుతుంది, వీఆర్ మర్నాటి నుంచి కాదు. మధ్యలో ఎన్నేళ్లు నెలవారీ ఆదాయం లేకుండా గడపాలో లెక్కేసుకుని నోటీసు రాయండి.

హక్కు_మనదే:

పైన నేను రాసింది 56(కె)కు, ముప్ఫై ఏళ్ల దారికి మాత్రమే వర్తిస్తుందని ఒప్పుకుంటున్నాను, ఎస్టాబ్లిష్‌మెంట్ వారు సరిదిద్దినందుకు ధన్యవాదాలు. రాష్ట్ర ఉద్యోగులు ఈ చర్చ చూసి 48-ఎ అని నోటీసు రాయకండి. ఆంధ్రప్రదేశ్, తెలంగాణల్లో 1980 రివైజ్డ్ పెన్షన్ రూల్స్ నడుస్తాయి, ఇరవై ఏళ్ల వీఆర్ అక్కడ కూడా 43వ రూల్. నంబరు కలిసింది కదా అని లెక్క కూడా కలుస్తుందనుకోవద్దు. రాష్ట్రంలో పూర్తి పెన్షన్‌కు ఇంకా 33 ఏళ్ల కొలతే ఉంది, 1-9-2004 తర్వాత చేరినవాళ్లు సీపీఎస్‌లో (కాంట్రిబ్యూటరీ పెన్షన్ స్కీమ్‌లో) ఉంటారు.

ఎస్టాబ్లిష్‌మెంట్_సీటు:

పోస్టల్ గారూ, ఇంకొక్క పని. 18 ఏళ్ల సర్వీసు తర్వాత ప్రతి ఉద్యోగికీ అర్హత సర్వీసు సరిచూసి ఫార్మాట్ 4లో సర్టిఫికెట్ ఇవ్వాలి, 2021 రూల్స్‌లో 30వ రూల్. మీకు ఇచ్చారో లేదో చూడండి. ఇవ్వకపోతే నోటీసు కంటే ముందు ఒక దరఖాస్తు పెట్టి అది తీసుకోండి. ఈఓఎల్, డైస్‌నాన్ వివాదాలు అక్కడే తేలిపోతాయి. ఆ తర్వాత కేంద్రం పెన్షన్ దరఖాస్తుల కోసం నడిపే భవిష్య పోర్టల్‌లో 6-ఎ ఫారం నింపడం. దానికి ఇంటిల్లిపాది వివరాలు, భార్యాభర్తల జాయింట్ ఫోటో, బ్యాంకు ఖాతా సిద్ధం చేసుకోండి. సర్వీసు బుక్‌లో పుట్టినతేదీ, పేరు ఆధార్‌తో సరిపోలకపోతే ఇప్పుడే సవరించుకోండి. పీపీఓ (పెన్షన్ చెల్లింపు ఉత్తర్వు) ఎక్కువగా ఆగేది అక్కడే.